మొర విని వచ్చినవాళ్ళు

పనసకాయ కోసే అలవాటున్న ఇల్లాలు ముందుగా కత్తిపీటకీ చేతులకీ నూనె రాసుకుని గాని పనిలోకి దిగదు. ఆ సంగతి తెలియక దిగినవాళ్ళ అవస్థ చూసి తీరవలసిందే. ఒక వేలికి అంటిన జిగురుని రెండో వేలితో తీయబోతే అదీ అంటుకుంటుంది. ఈ చేతిని ఆ చేత్తో విడిపించబోతే రెండు చేతులూ ఒకటైపోతాయి. సాయం చేద్దామని పక్కన చేరిన పిల్ల చేతులకీ అదే గతి. జిగురుకి తనంతట తానుగా బలమేమీ లేదు. చిక్కుకున్నవాళ్ళ గింజులాటే దాని బలం.

ఈ చిన్న సంగతిని పెద్దది చేసి చూడండి. పనస జిగురుకి బదులు నేలలోంచి ఊరే తారు. వేలికి బదులు అడవిదున్న కాలు. సాయానికి వచ్చిన పిల్లకు బదులు ఆకలిగొన్న తోడేళ్ళ మంద. ఇలా కొన్ని వేల ఏళ్ళపాటు జరిగితే ఏం మిగులుతుందో తెలుసుకోవాలంటే అమెరికాలో కాలిఫోర్నియా రాష్ట్రానికి, లాస్ ఏంజిలిస్ నగరానికి వెళ్ళాలి.

సినిమాల ఊరుగా మనకు తెలిసిన ఆ నగరంలో విల్షైర్ బులెవార్డ్ అని ఒక పెద్ద రోడ్డుంది. ఒకపక్క మేడలూ ఆఫీసులూ, బారులు తీరిన కార్లూ. మరోపక్క హాన్‌కాక్ పార్కు. పార్కులో అడుగుపెట్టగానే మన వీధిలో రోడ్డు వేసేటప్పుడు వచ్చే వాసన ముక్కుకి తగులుతుంది. పచ్చగడ్డి మధ్య అక్కడక్కడ నల్లగా మెరుస్తూ మడుగులు. ఒక పెద్ద మడుగులో ఉండి ఉండి బుడగలు లేచి పగులుతుంటాయి. ఎసరు కాగుతున్నట్టుంటుంది గాని అక్కడ వేడేమీ లేదు. అడుగునుంచి పైకి తన్నుకొచ్చే మీథేన్ వాయువు అది. ఆ మడుగులో మామత్ బొమ్మ ఒకటి సగం దిగబడిపోయినట్టు నిలబెట్టారు. మామత్ అంటే మంచుయుగం నాటి ఏనుగు, మన ఏనుగుకి చుట్టం. గట్టుమీద దాని పిల్ల బొమ్మ నిలబడి చూస్తూ ఉంటుంది.

ఆ చోటు పేరు లా బ్రేయా టార్ పిట్స్. స్పానిష్ భాషలో ‘బ్రేయా’ అన్నా తారే, ఇంగ్లీషులో ‘టార్’ అన్నా తారే. మనవాళ్ళు ‘నడిసెంటరు’ అన్నట్టు, ‘తారు తారు గుంటలు’ అన్నమాట. పోనీ రెండుసార్లు అన్నందుకైనా అది తారా అంటే, కాదు. తారు అనేది బొగ్గునో కట్టెనో కాల్చి మనుషులు తీసేది. ఇక్కడున్నది భూమి లోపలి ముడి చమురు. నేల పొరల్లో పగుళ్ళు వెతుక్కుంటూ పైకి వస్తుంది. పైకి వచ్చాక అందులోని తేలికపాటి భాగం గాలిలో ఆవిరైపోగా అడుగున జిగురుజిగురుగా మడ్డి మిగులుతుంది. దాన్ని అస్ఫాల్ట్ అంటారు. లోకం తారు అంటోంది గనక మనమూ తారు అనే అందాం. ఇక గుంటల సంగతి. అవి ప్రకృతి చేసిన గుంటలు కావు. తారు కోసం కొందరూ, ఎముకల కోసం మరికొందరూ తవ్వినవి. బుడగలు లేచే ఆ పెద్ద మడుగు కూడా ఒకప్పుడు తారు తవ్వి తీసిన గొయ్యి, నీళ్ళు నిండినది.

ఇంత చెప్పడం ఎందుకంటే, ఆ మామత్ బొమ్మ చూసినవాళ్ళందరికీ ఒక అపోహ కలుగుతుంది: జంతువులు లోతైన తారులో నిలువునా మునిగిపోయాయని. అది సినిమా. నిజంగా జరిగింది అంత హడావుడి లేని వ్యవహారం. నేలమీద పలచగా పరుచుకున్న కొన్ని అంగుళాల తారు చాలు. చలికాలంలో అది గట్టిపడి ఉంటుంది, మీద నడిచి వెళ్ళిపోవచ్చు. ఎండలు ముదిరాక మెత్తబడుతుంది. పైన ఎండుటాకులూ దుమ్మూ కప్పుకుని మామూలు నేలలాగే కనిపిస్తుంది. గడ్డి వెతుక్కుంటూ వచ్చిన ఒక అడవిదున్న ముందు కాలు వేస్తుంది. తీయడానికి రెండో కాలు ఊనుతుంది. ఇంక అంతే. మునిగిపోదు. నిలబడే ఉంటుంది. నిలబడి, గింజుకుని, అలిసిపోయి, ఆకలికీ దాహానికీ ప్రాణం పోయేదాకా అరుస్తూ ఉంటుంది.

ఆ అరుపు ఎవరు విన్నారన్నదే అసలు కథ.

మనకి ఏనుగు ఆపదలో పడి మొరపెట్టడం అనగానే గజేంద్రుడు గుర్తుకొస్తాడు. మొర విని, ఉన్నవాడు ఉన్నట్టుగా పరుగెత్తుకొచ్చిన స్వామి గుర్తుకొస్తాడు. ఇక్కడ కూడా మొర విని పరుగెత్తుకొచ్చారు. కాని వచ్చినవాళ్ళు తోడేళ్ళు. కత్తుల్లాంటి కోరలున్న పెద్ద పిల్లులు. వాటి వెనక నక్కజాతివి, ఆకాశంలో గద్దలూ రాబందులూ. పారిపోలేని జంతువు, కష్టపడకుండా దొరికే విందు. దున్నమీదికి దూకిన తోడేలు కాలు కూడా తారులో పడుతుంది. దాని అరుపు విని ఇంకొకటి వస్తుంది. చిక్కింది ఒక్క దున్న, దానికోసం చచ్చినవి పది.

ఇది నా కల్పన కాదు, ఎముకల లెక్క. లా బ్రేయాలో డైర్ వుల్ఫ్ అనే అంతరించిపోయిన పెద్ద తోడేళ్ళు 4,000కు పైగా దొరికాయి. అక్కడి మ్యూజియంలో ఒక గోడ నిండా ఆ తోడేళ్ళ పుర్రెలే 404 వరసగా అమర్చారు. స్మైలోడాన్ అనే కత్తికోరల పిల్లులు 2,000కు పైగా. మూడో స్థానం కయోటీలది, అంటే మన నక్కకీ తోడేలుకీ మధ్యరకం జంతువు. దొరికిన పెద్ద జంతువుల్లో వందకి తొంభై దాకా మాంసాహారులే. పక్షుల్లో కూడా వేటాడేవీ, శవాలు తినేవీ ఎక్కువ.

మామూలు అడవిలో ఎక్కడైనా ఇలా ఉంటుందా? ఒక పులి బతకాలంటే వందల జింకలుండాలి. అందుకే ఈ ఎముకలు చూసి, ఆనాటి కాలిఫోర్నియాలో అడుగడుగునా తోడేళ్ళే ఉండేవనుకుంటే పొరపాటు. ఆస్పత్రి రిజిస్టరు చూసి ఊళ్ళో అందరికీ కాళ్ళు విరిగాయనుకోవడం లాంటిది అది. తారు ఊరు మొత్తాన్ని లెక్కపెట్టలేదు. ఎవరు ఆశపడి దగ్గరికి వచ్చారో వాళ్ళని మాత్రమే లెక్కపెట్టింది.

2009లో కొందరు శాస్త్రజ్ఞులు ఒక చమత్కారమైన పోలిక చూపించారు. ఆఫ్రికా అడవుల్లో జంతువులు ఆపదలో అరిచే అరుపులు రికార్డు చేసి లౌడుస్పీకర్లలో వినిపిస్తే ఏవేం వస్తాయో లెక్కపెట్టారు. గుంపులుగా బతికే సింహాలూ హైనాలూ పెద్ద సంఖ్యలో వచ్చాయి. ఒంటరిగా తిరిగేవి తక్కువ. లా బ్రేయా ఎముకల లెక్క అచ్చం ఆ లౌడుస్పీకరు దగ్గరి లెక్కలాగే ఉంది. అందువల్ల కత్తికోరల పిల్లి కూడా గుంపులుగా బతికి ఉంటుందని వాళ్ళ ఊహ. వేల ఏళ్ళ కిందట ఆగిపోయిన అరుపు ఈ లెక్కలోంచి మళ్ళీ వినిపిస్తున్నట్టనిపిస్తుంది నాకు.

అన్ని ఎముకలున్నాయంటే రోజూ ఇదే రభస జరిగిందనుకోనక్కరలేదు. ముప్ఫై వేల ఏళ్ళ కాలం తీసుకోండి. పదేళ్ళకి ఒక్కసారి, సారికి పది జంతువుల చొప్పున చిక్కుకున్నా మొత్తం 30,000 అవుతాయి. ఒక తోడేలు జీవితకాలంలో ఒక్కసారి కూడా ఈ ఘోరం చూసి ఉండకపోవచ్చు. అందుకే తరతరాలుగా చచ్చినా ఆ జాతికి బుద్ధి రాలేదు. చూసినవాడు తిరిగి వెళ్ళి చెబితే గదా బుద్ధి రావడానికి!

చచ్చినదాన్ని తారు మెల్లగా లోపలికి తీసుకుంది. ఎముక సందుసందునా చమురు ఇంకింది. గాలీ నీళ్ళూ సోకకుండా చేసింది. ఊరగాయ మీద నూనె తేలుతున్నంత కాలం బూజు పట్టదని మనకి తెలుసు. అదే సూత్రం. మాంసం, చర్మం, వెంట్రుకలు పోయాయి. ఎముకలు మాత్రం ముదురు గోధుమరంగు తిరిగి అలాగే నిలిచాయి. శిలాజం అంటున్నామే గాని ఇందులో శిల లేదు. రాయిగా మారలేదు, ఎముక ఎముకగానే ఉంది. అయితే ఒక అస్థిపంజరం మొత్తం ఒకచోట దొరకదు. తారు కింద మెల్లగా కదులుతూనే ఉంటుంది గనక తోడేలు దవడ దున్న పక్కటెముకల్లో, గుర్రం కాలు పిల్లి వెన్నెముకల్లో కలగాపులగమైపోయి, ఒకదాన్నొకటి రాసుకుని అరిగిపోయి ఉంటాయి. తినవచ్చినదీ, తినబడినదీ తేడా లేకుండా ఒకే కుప్ప.

ఇంతమందిని మింగిన ఈ తారులో హాయిగా కాపురం చేసే ప్రాణి కూడా ఒకటుంది. అదొక చిన్న ఈగ. దాని పిల్లపురుగులు చమురు మడుగులోనే ఈదుతూ, అందులో పడి చచ్చిన పురుగుల్ని తిని పెరుగుతాయి. పెద్దయ్యాక ఆ ఈగ తారు మీద కాళ్ళతో నడిచిపోగలదు, అంటుకోదు. ఏనుగులకి లేని ఒడుపు ఈగకుంది!

మనుషులకి ఈ తారు సంగతి కొత్తది కాదు. ఆ ప్రాంతపు ఆదివాసులు చుమాష్, టోంగ్వా జాతులవాళ్ళు. వాళ్ళు చెక్కలు కలిపి చేసిన పడవల సందుల్లో, నీళ్ళు మోసే బుట్టలకి ఈ తారే పూసేవారు. మన పల్లెకారులు పడవకి కీలు పూసినట్టే. 1769లో స్పానిష్ దండుతో అటు వచ్చిన హువాన్ క్రెస్పీ అనే మతగురువు నేలలోంచి తారు ఊటలు ఉబకడం చూసి తన దినచర్యలో రాసుకున్నాడు. 1828లో ఆ భూమిని మెక్సికో ప్రభుత్వం రాసిచ్చినప్పుడు ఒక షరతు పెట్టింది: ఊరివాళ్ళు ఇళ్ళ కప్పులకి కావలసిన తారు తీసుకుపోవచ్చు. తవ్వేటప్పుడు ఎముకలు తగులుతూనే ఉండేవి. పశువులవి కాబోలు అనుకుని పక్కకి విసిరేసేవారు.

తరువాత ఆ భూమి మేజర్ హెన్రీ హాన్‌కాక్ చేతికి వచ్చింది. 1875లో విలియం డెంటన్ అనే భూగర్భ శాస్త్రజ్ఞుడు వస్తే హాన్‌కాక్ తన తారు గనిలో దొరికిన పెద్ద కోర ఒకటి ఆయనకిచ్చాడు. డెంటన్ అది కత్తికోరల పిల్లిదని పోల్చి, పత్రికలో రాశాడు కూడా. ఎవరూ పట్టించుకోలేదు. మళ్ళీ 1901లో విలియం ఆర్కట్ అనే చమురు కంపెనీ భూగర్భ శాస్త్రజ్ఞుడి కంట పడేదాకా పాతికేళ్ళు ఆ ఎముకలు ఎవరికీ అక్కరలేకపోయాయి. మేజరు 1883లో పోయాక ఆయన భార్య ఐడా ఆ భూమిని అమ్ముకోకుండా నిలబెట్టుకుంది. తరువాత అక్కడ చమురు పడి ఆ కుటుంబం ఐశ్వర్యవంతమైంది. పేరు మాత్రం పార్కుకి భర్తదీ కొడుకుదీ వచ్చింది. అది మామూలే గదా!

ఆవిడ కొడుకు అలన్ హాన్‌కాక్ 1913లో జిల్లా మ్యూజియానికి రెండేళ్ళు తవ్వుకునే హక్కిచ్చాడు. ఆ రెండేళ్ళలో 96 చోట్ల తవ్వి ఏడున్నర లక్షల ఎముకలు పైకి తీశారు. 1924లో ఆయన 23 ఎకరాల స్థలం ప్రజలకి దానం చేశాడు. ఆ తవ్వకంలో ఉత్సాహం ఎక్కువ, ఓపిక తక్కువ. పెద్ద పెద్ద పుర్రెలూ కోరలూ దాచి, విత్తనాలూ పురుగు రెక్కలూ ఎలకల పళ్ళూ మట్టితో పాటు పారేశారు. బంగారం తీసుకుని బియ్యం పారబోసినట్టయింది. ఎందుకంటే తోడేలు ఎక్కడైనా బతకగలదు. ఒక చిన్న పురుగు మాత్రం తనకి సరిపడే చలి, తనకి సరిపడే చెట్టు ఉంటేనే బతుకుతుంది. అప్పటి వాతావరణం చెప్పగలిగేది పురుగే.

1969లో 91వ గుంటని తిరిగి తెరిచి, ఈసారి చెంచాడు మట్టి కూడా పారేయకుండా తవ్వారు. 2006లో పక్కనున్న చిత్రకళా మ్యూజియంవారు కార్ల కోసం నేలమాళిగ కడదామని తవ్వితే మరో 16 ఎముకల గనులు బయటపడ్డాయి. వాటిని మట్టితో సహా 23 పెద్ద చెక్కపెట్టెల్లో ఎత్తి పక్కన పెట్టారు. అక్కడే పాత ఏటి మేటలో ఒక మామత్ దాదాపు పూర్తి అస్థిపంజరంతో దొరికింది. దానికి జెడ్ అని పేరు పెట్టారు. తారులో పడనివాడు గనక వాడి ఎముకలు ఒకచోట ఉన్నాయి.

ఇంతవరకూ చదివి, లోకమంతా ఒకణ్ణొకడు తినడమేనా అని మీరు నిట్టూర్చవచ్చు. నాకూ అలాగే అనిపించింది, ఒక పిల్లి తుంటి ఎముక సంగతి తెలిసేదాకా.

ఆ ఎముక చాలాకాలంగా మ్యూజియంలో ఉన్నదే. కీలు వికారంగా ఉంటే దెబ్బ తగిలో, చీము పట్టో అలా అయిందనుకున్నారు. ఈ మధ్య దాన్ని స్కానింగు చేసి, 2021లో అసలు సంగతి ప్రకటించారు. అది దెబ్బ కాదు, పుట్టు లోపం. ఆ పిల్లి పుట్టినప్పటినుంచీ కుంటిదే. తుంటి కీలు సరిగా అమరనే లేదు. అలాంటిది తన జాతిలో మిగతావాటిలా దూకి వేటాడలేదు. తన ప్రాంతాన్ని తాను కాపాడుకోలేదు. అయినా అది పసితనంలో చావలేదు, పెరిగి పెద్దదయింది. ఎవరు తిండి పెట్టారు? గుంపు తెచ్చిన వేటలో దానికీ వాటా ఉండి ఉండాలని పరిశోధించినవాళ్ళు అంటున్నారు. అందరూ ఒప్పుకున్నారని కాదు. ఎముక ఎముకే గాని సాక్షి కాదు గదా. కాని కుంటిది ఏళ్ళ తరబడి బతికిందన్నది మాత్రం ఎముకమీద రాసి ఉన్న నిజం. అంటే మొర వినడం ఒక్క తినడానికే కాదేమో. అదే చెవులతో ఆ జంతువులు తమలో కుంటిదాని మొర కూడా విన్నాయేమో.

మరో మొర ఉంది. అది ఎవరు విన్నారో తెలియదు. 1914లో పదో గుంటలో ఒక మనిషి పుర్రె, కొన్ని ఎముకలు దొరికాయి. లక్షల ఎముకల మధ్య మనిషివి అవే. ఆమె ఆడపిల్ల. వయసు పద్దెనిమిదికీ పాతికకీ మధ్య. కాలం దాదాపు పదివేల ఏళ్ళ కిందట. పుర్రె పగిలి ఉండడంతో ఎవరో కొట్టి చంపి పారేశారని కథ పుట్టింది. ఆ పగులు తరువాత ఎప్పుడో మట్టి ఒత్తిడికి ఏర్పడి ఉండవచ్చని మరికొందరన్నారు. దగ్గరలో పెంపుడు కుక్క ఎముకలు దొరికితే, ఇంకేం, ఆమె కుక్కతో పాటు సమాధి చేశారని రెండో కథ. 2016లో ఆ కుక్క వయసు కట్టి చూస్తే అది మూడువేల ఏళ్ళ నాటిదని తేలింది. ఆమెకీ దానికీ మధ్య ఏడు వేల ఏళ్ళు!

నేను కథలు రాసేదాన్ని. చేతిలో ఒక పుర్రె, ఒక పగులు, ఒక కుక్క పెడితే నవల అల్లడం ఎంత తేలికో నాకు తెలుసు. అందుకే ఇక్కడ అల్లకపోవడమే ఆమెకి మర్యాద అనిపిస్తుంది. ఆమె ఎముకల్ని ఇప్పుడు ప్రదర్శనలో పెట్టడం లేదు. ఆదివాసులకి ఆమె ఒక వస్తువు కాదు, పూర్వీకురాలు. ఒక ఇంటి పిల్ల.

చివరికి ఆ తోడేళ్ళూ పిల్లులూ ఏమయ్యాయి? తారు తినేసిందా? లేదు. పదేళ్ళకో పదింటిని తీసుకున్నంత మాత్రాన జాతి పోదు. 2023లో అచ్చయిన ఒక పరిశోధనలో అక్కడి ఎముకల వయసులు కట్టి చూశారు. ఇప్పటికి సుమారు 12,900 ఏళ్ళ కిందటికి అక్కడ కత్తికోరల పిల్లీ, పెద్ద తోడేలూ, గుర్రమూ, ఒంటె అన్నీ కనుమరుగైపోయాయి. అంతకు ముందు మూడు వందల ఏళ్ళ కాలంలో ఆ ప్రాంతమంతా అగ్నికీలల పాలైన గుర్తులున్నాయి. అప్పటికే వాతావరణం వేడెక్కి, ఎండి ఉంది. మనుషుల సంఖ్య పెరుగుతోంది. మనుషులు నిప్పు తెచ్చారు. ఎండిన అడవి, గడ్డి మేసే జంతువులు తగ్గిపోవడం, మనిషి చేతిలో నిప్పు, మూడూ కలిసి వేల ఏళ్ళు నిలిచిన లోకాన్ని కొన్ని తరాల్లో మార్చేశాయని ఆ పరిశోధకుల అభిప్రాయం. తారు ముప్ఫై వేల ఏళ్ళలో చేయలేనిది అది!

అన్నిటిలోకీ చిన్నది, ఏది దొరికితే అది తినేది, కయోటీ మాత్రం మిగిలింది. ఇప్పటికీ లాస్ ఏంజిలిస్ కొండల్లో రాత్రిపూట దాని కూత వినిపిస్తుంది.

చరిత్ర అంటే గెలిచినవాళ్ళు రాసుకున్నదంటారు. లా బ్రేయా చరిత్ర మాత్రం చిక్కుకున్నవాళ్ళు రాసింది. గట్టున హాయిగా మేసి, ముసలిదై, చెట్టుకింద కన్నుమూసిన జంతువు ఆనవాలు ఎక్కడా లేదు. సుఖపడ్డవాటిని నేల మరిచిపోయింది. కష్టపడ్డవాటిని తారు దాచిపెట్టింది. వాటిలో తినడానికి వచ్చినవాటి లెక్క వేలల్లో ఉంది. ఆదుకున్నవాటికి దాఖలా ఒకే ఒక్క కుంటి ఎముక. అయినా ఆ ఒక్క ఎముకని పారేయకుండా ఎవరో ఏళ్ళ తరబడి బీరువాలో దాచి ఉంచారు. అది మాత్రం మనుషులు చేసిన మంచి పని.

ఆ పార్కు చుట్టూ తారు ఈనాటికీ ఊరుతూనే ఉంది. కాలిబాట పగుళ్ళలోంచి, పచ్చగడ్డిలోంచి నల్లగా తలెత్తుతుంది. ఎవరూ తొక్కకుండా అక్కడ చుట్టూ అడ్డు పెడతారు. అయినా ఎండాకాలం వస్తే పిట్టో, తొండో, ఉడతో ఎక్కడో ఒకటి చిక్కుకుంటూనే ఉంటుంది. ఎవరైనా చూస్తే తీస్తారు. చూడకపోతే, పదివేల ఏళ్ళ తరువాత ఎవరో తవ్వి తీస్తారు.